శవం దగ్గిన సినిమా

హోటలు, మూడో అంతస్తు
ఫిబ్రవరి 4

పూజ్యులైన వదిన గారికి నమస్కారాలు.

మీరు క్షేమమని తలుస్తాను. ఇక్కడ నేను కులాసా, మోకాళ్లు తప్ప.

ఒక శుభవార్త. మన మూడో సినిమా, ఆ ముసలి పంతులు చనిపోయే కథ, దాని నెగెటివ్ ఒక పాత గోదాములో దొరికింది. ఒక సంస్థవారు ముందుకొచ్చి బొమ్మా శబ్దమూ శుభ్రం చేయించి కొత్త ప్రింటు తీస్తున్నారు. ముప్పై ఎనిమిదేళ్ల తర్వాత మళ్లీ తెర మీద పడుతుంది. దర్శకుణ్ణి కాబట్టి పని చూసుకోవడానికి నేనొచ్చి ల్యాబు పక్కనే దిగాను.

ఒక్క ఇబ్బంది ఉంది. ఐదో రీలు శబ్దానికి బూజు పట్టింది. పంతులు కూతురు మెట్లు దిగి, వరండా దాటి, గేటు దాకా నడిచే మూడు నిమిషాలు పూర్తిగా పోయాయి. అడుగుల చప్పుడు మళ్లీ చేయాలి. ఇక్కడివారు ముగ్గురితో చేయించి చూశారు. అడుగులు పడుతున్నాయి గాని ఆ పిల్ల నడుస్తున్నట్టు లేదు. అప్పట్లో ఆ చప్పుడు చేసింది మీరే కనుక ఒక్కసారి వచ్చి వెళ్లాలి. కారు పంపుతాను.

ఇంకో సంతోషం. శవం దగ్గర కెమెరా నిలిచే ఆ రెండు నిమిషాల నిశ్శబ్దంలో పడి, ఇన్నేళ్లూ నా పరువు తీసిన దగ్గు మీకు గుర్తుండే ఉంటుంది. దాన్ని ఈ కొత్త యంత్రాలతో తీయించేస్తున్నాను. ఇకనైనా మన శవం శవంలా పడుకుంటుంది.

ఇట్లు,
మీ మరిది


కుట్టుమిషన్ల సందు, మెట్ల కింద గది
ఫిబ్రవరి 12

మరిదికి వదిన చెప్పి రాయించేది.

ఈ ఉత్తరం రాస్తున్నది మా మేడ మీది గుమాస్తా. కోర్టులో ముప్పై ఏళ్లు నకళ్లు రాసిన మనిషి. నా నోట్లోంచి ఏది వస్తే అదే కాగితం మీద పడాలని ముందే ఒట్టు పెట్టించుకున్నాను. నీ ఉత్తరం కూడా ఆయనే చదివి వినిపించాడు, ఉరిశిక్ష చదివినట్టు. ‘పూజ్యులైన’ దగ్గర ఆపించి, కవరు మీద ఎవరి చిరునామా ఉందో మళ్లీ చూడమన్నాను. నాదేనన్నాడు. సరే, పూజ్యురాలినే అనుకున్నాను.

మీరు, మీరు అని నాలుగు చోట్ల అన్నావు. గుమాస్తా లెక్కపెట్టాడు. మిట్టమధ్యాహ్నం హీరో మొహం మీదికి ఎండ మళ్లించే వెలుగు అట్ట పట్టుకుని నేను కళ్లు తిరిగి పడబోతే, ‘పడితే పడ్డావు వదినా, అట్ట మాత్రం వంచకు’ అన్న నోరే కదా ఇది. నోటికి మర్యాద ఎప్పుడు వచ్చింది? నాతో పని పడ్డప్పుడా?

దగ్గు తీయించేస్తున్నానని సంతోషంగా రాశావు. ఇప్పుడు నా వాదన విను.

నీకు పదకొండు సినిమాలు చేశాను. అందులో ఏడు విడుదలయ్యాయి, నాలుగు జనం చూశారు, ఆ జనంలో సగం మన చుట్టాలు. వాటిలో నేనేం చేశానో నువ్వు మర్చిపోయి ఉంటావు కనుక కొంచెం చెబుతాను. అంతా చెబితే గుమాస్తా చెయ్యి పడిపోతుంది. బట్టలు కుట్టాను, ఉతికాను, కొత్త బట్టను పాత బట్ట చేయడానికి రాయి మీద వేసి రుద్దాను. మొహాలకు రంగు పూశాను. రంగు అయిపోయిన రోజు బొగ్గు పూశాను. హీరోయిన్ చేతులు బాగాలేవని దగ్గర్నుంచి తీసిన చేతులన్నీ నావి పెట్టావు. పదకొండు సినిమాల్లో ఉత్తరాలు చించిందీ, తలుపు గడియ వేసిందీ, చచ్చినవాళ్ల కళ్లు మూసిందీ ఈ చేతులే. పసిపిల్ల ఏడుపు నాది. గుర్రం నడక నాది. మంట చప్పుడు కావాలంటే పలచటి ప్లాస్టిక్ కాగితం నలిపాను, వాన కావాలంటే పళ్లెంలో గులకరాళ్లు తిప్పాను. నువ్వు మాత్రం పేపరువాళ్లతో ‘ఆ వాన కోసం నెల రోజులు ఎదురుచూశాను’ అన్నావట. ఎదురుచూసింది నిజమే, నేను రాళ్లు ఏరుకొచ్చేదాకా.

ఒక షాటుకీ ఇంకో షాటుకీ తేడా రాకుండా చూసే పని కూడా నా నెత్తినే పెట్టావు, అక్షరం ముక్క రాదని తెలిసీ. అందరూ పుస్తకంలో రాసుకుంటారు. నేను నా ఒంటి మీద రాసుకున్నాను. హీరో కుడిచేతికి గడియారం పెట్టుకుంటే నా కుడిచేతికి తాడు కట్టుకున్నాను. వాడి నుదుటికి దెబ్బ తగిలితే నా నుదుటికీ పట్టీ వేసుకుని తొమ్మిది రోజులు తిరిగాను. కూరగాయలవాడు మీ అన్నను అనుమానంగా చూసేవాడు. ఒక్క షాటులో తేడా వచ్చిందా? రాలేదు. యూనిట్లో నన్ను సకలం అని పిలిచేవాళ్లు. ముద్దుకి కాదు. ఏది లేకపోయినా ‘సకలాన్ని పిలవండి’ అంటే సరిపోతుందని.

ఇంత చేసి నిన్ను ఏమడిగాను? ఏమీ అడగలేదు. ఇప్పుడు అడుగుతున్నాను. ఆ దగ్గు తీయకు.

అది మీ అన్నది. మైకు కర్ర పట్టుకుని రెండు నిమిషాలు ఊపిరి బిగబట్టి, ఇక ఆపుకోలేక దగ్గిన దగ్గు. ఆయన సౌండు పట్టే మనిషి. నీ సినిమాల్లో అందరి గొంతులూ పట్టాడు, కుక్క గొంతు పట్టాడు, కీచురాయి గొంతు పట్టాడు, తన గొంతు పట్టుకోలేదు. భూమ్మీద ఆయన చప్పుడు మిగిలింది అదొక్కటే. దాన్ని చెత్త అని నీ యంత్రం తీసేస్తుందా?

దగ్గు ఉంటే అడుగులు ఉంటాయి. దగ్గు పోతే ఆ పిల్ల మెట్ల మీదే నిలబడుతుంది. నీ యంత్రం ఎత్తుకుని దింపుతుందేమో అడుగు.

వదిన
(వేలిముద్ర ఎందుకమ్మా అంటున్నాడు గుమాస్తా. అయినా వేశాను.)


హోటలు, మూడో అంతస్తు
మార్చి 1

వదిన గారికి నమస్కారాలు.

మీ ఉత్తరం అందింది. మీరు చేసినదంతా నాకు గుర్తుంది. వెలుగు అట్ట సంగతి మాత్రం నేను అలా అనలేదని నా నమ్మకం.

కాని సినిమా వేరు, సెంటిమెంటు వేరు. ఆ రెండు నిమిషాలే ఆ సినిమాకు ప్రాణం. ఒక మనిషి పోయాక గదిలో మిగిలే నిశ్శబ్దం ఎలా ఉంటుందో చూపించాలని తీశాను. మొదటి ఆటలోనే శవం దగ్గింది. హాలంతా గొల్లుమంది. బహుమతి ఇచ్చే పెద్దాయన నవ్వు ఆపుకోలేక కర్చీఫు అడ్డం పెట్టుకోవడం నేను కళ్లారా చూశాను. ఆ తర్వాత ఎక్కడికి వెళ్లినా ‘శవం దగ్గిన సినిమా మీదేనా’ అనేవారు. దర్శకుడిగా నాకు మిగిలిన బిరుదు అదొక్కటే.

నిజానికి మీకు తెలుసు. ఆ దగ్గు కోసెయ్యమని నేను చెప్పాను, మీరు కోశారు. అప్పటి ల్యాబువాడు నిర్లక్ష్యంగా కోయని టేపు పెట్టి ప్రింటు వేశాడు. మీ చేతి పనిని కూడా వాడే పాడుచేశాడు. అప్పుడు జరగాల్సింది ఇప్పుడు జరుగుతోంది, అంతే.

అన్నయ్య గుర్తుగా ఆయన ఫోటో పెద్దది చేయించి చట్రం కట్టించి పంపుతున్నాను. దయచేసి బయల్దేరండి.

మీ మరిది


కుట్టుమిషన్ల సందు, మెట్ల కింద గది
మార్చి 15

మరిదికి.

ఫోటో అందింది. గోడకు తగిలించాను. బాగుంది. నోరు మూసుకుని ఉన్నాడు, నీకు కావాల్సినట్టుగానే.

ఇప్పుడు చెప్పబోయేది రాయనని గుమాస్తా కలం కింద పెట్టాడు. ‘అమ్మా, ఇది ఒప్పుకోలు అవుతుంది, రేపు మీ మీదికే వస్తుంది’ అన్నాడు. ‘రావాల్సింది ఎప్పుడో రాలేదనే బాధ. రాయి’ అన్నాను. టీ ఇచ్చాక రాస్తున్నాడు.

ల్యాబు ఆయన తప్పు లేదు. నేను కోయలేదు.

అప్పుడు నీ ఎడిటరు పెద్ద సినిమా దొరికిందని చెప్పకుండా పోయాడు. ‘వదినా, కత్తెర పట్టుకోవడం నీకు వచ్చు కదా’ అని నన్ను కూర్చోబెట్టావు. కుట్టుపని కత్తెరకీ దానికీ తేడా నీకు తెలియదు, నాకూ తెలియదు. రెండే రోజుల్లో నేర్చుకున్నాను. డబ్బాల మీది రాతలు చదవలేను గనక మూతలకు దారాలు కట్టాను. శవం దగ్గర పట్టిన టేపుకి ఎర్రదారం. ఖాళీ గదిలో మీ అన్న విడిగా పట్టిన నిశ్శబ్దానికి తెల్లదారం. ఎర్రదారంలో దగ్గు కోసి, తెల్లదారంలో అంతే ముక్క కోసి అతికించమన్నావు. జానెడు టేపు. అంతే పని.

ఆయన పోయి అప్పటికి పందొమ్మిది రోజులు. షూటింగులో దగ్గినప్పుడు అది జలుబు అనుకున్నాం.

ఆ జానెడు టేపు వేళ్ల మధ్య పెట్టుకుని ముందుకి లాగాను, వెనక్కి లాగాను. ముందుకి లాగితే దగ్గు. వెనక్కి లాగితే గుటక వేసినట్టు ఉండేది, మనిషి దాన్ని మళ్లీ మింగేసినట్టు. ఎన్నిసార్లు లాగానో తెలియదు. బ్లేడు ఆనించాను. తీశాను. నువ్వు గుమ్మంలో నిలబడి ‘అయిందా’ అన్నావు. ‘అయింది’ అన్నాను. టేపు చుట్టి డబ్బాలో పెట్టి మూత వేశాను. నువ్వు విని చూడలేదు. నా పని నువ్వు ఎప్పుడూ తిరిగి చూసుకోలేదు. అది నమ్మకమో బద్ధకమో నీకే తెలియాలి.

మొదటి ఆటకి నీ పక్కనే కూర్చున్నాను. ఆ నవ్వులో దగ్గు నాకు సగమే వినపడింది.

తర్వాత నువ్వు ల్యాబు ఆయన చొక్కా పట్టుకున్నావు. నలుగురిలో అనకూడని మాట అన్నావు. ఆయన నా వైపు చూశాడు. ఆయనకు తెలుసు. ఎర్రదారం టేపులో అతుకు లేదని ఆయన చేతులకు తెలియదా? నేను కళ్లు దించుకున్నాను. ఆయనా ఏమీ అనలేదు, మొగుడు పోయిన మనిషిని ఇరికించడం ఎందుకని కాబోలు. శవం దగ్గడం తప్పని నేను ఇప్పటికీ అనను. కళ్లు దించుకోవడం మాత్రం తప్పు. చేసిన పనికి నేను ఎప్పుడూ సిగ్గుపడలేదు, చెప్పని మాటకి పడుతున్నాను.

ఇక నీ ఇష్టం. తిడితే తిట్టు. గుమాస్తా చదువుతాడు, గొంతు బాగుంది. దగ్గు మాత్రం తీయకు.

వదిన


హోటలు
ఏప్రిల్ 2

వదినా,

మూడుసార్లు చదివాను.

ల్యాబువాడూ నేనూ బడిలో ఒకే బల్ల. నా మొదటి సినిమాకు వాడు ప్రింటు ఊరికే వేశాడు, పెళ్లాం నగ కుదువపెట్టి. అలాంటివాణ్ణి నలుగురిలో దొంగా అన్నాను. వాడి కూతురి పెళ్లికి పిలిస్తే వెళ్లలేదు. వాడు పోయాడని కబురొస్తే, ‘ఎవరు?’ అని అడిగాను. తెలిసే అడిగాను. పదకొండేళ్లయింది. ఇప్పుడు ఎక్కడికి వెళ్లి ఎవరికి చెప్పను?

నువ్వు పక్కనే ఉన్నావు. ముప్పై ఎనిమిదేళ్లు పక్కనే ఉండి నాకు బొత్తాలు కుట్టావు, అన్నం పెట్టావు, ఈ ఒక్క మాట తప్ప అన్నీ మాట్లాడావు. ఒంటి మీద అన్నీ రాసుకునేదానివి కదా. ఇది ఎక్కడ రాసుకున్నావు?

దగ్గు తీయొద్దని ల్యాబులో చెప్పేశాను. ఉండనీ. మళ్లీ నవ్వనీ. నీకు మీ ఆయన దొరికాడు, నాకు నా బిరుదు ఉంది.

వచ్చి అడుగులు వేసి వెళ్లు. నువ్వొచ్చేసరికి నేను ఇంటికి వెళ్లిపోతాను. కారు పంపుతున్నాను. కారుకు నీ మీద కోపం లేదు.


ల్యాబు, సౌండు గది బయట బల్ల
ఏప్రిల్ 28

మరిదికి.

గుమాస్తా కూడా వచ్చాడు. సాక్షి లేకుండా నేనెక్కడికీ వెళ్లకూడదట. కారులో దారి పొడుగునా నిద్రపోయాడు.

మొదట అడుగులు. ఇక్కడ సౌండు సరిచేసే కళ్లజోడావిడ మంచిది, పని తెలిసిన మనిషి. నాకు చెప్పులు ఇచ్చింది, సరిగ్గా నా కొలతవి. ‘అందుకే మీకు కుదరలేదమ్మా’ అన్నాను. ఆ సినిమాలో కూతురు వేసుకున్న చెప్పులు నావి. దాని పాదం చిన్నది, వేలెడు వదులు. జారిపోకుండా వేళ్లతో పట్టుకుని నడిచింది పాపం. నువ్వేమో ఆ నడకలో దుఃఖం ఉందని మెచ్చుకున్నావు. ఒక కొలత పెద్ద చెప్పులు తెప్పించాను. రెండోసారికే కుదిరింది. గేటు దగ్గర నాకే ఒక్క క్షణం ఆ పిల్ల నిలబడ్డట్టు అనిపించింది. కళ్లజోడావిడ కళ్లజోడు తీసి తుడుచుకుంది.

తర్వాత ల్యాబు ఆయన ఇల్లు ఎక్కడని వాకబు చేశాను. నువ్వు ఎవరికి చెప్పాలని అడిగావు కదా. ఆయన భార్య ఉంది. చెప్పాల్సింది నువ్వు కాదు, నేను. వెళ్లి గుమ్మంలోనే చెప్పేశాను, కూర్చోమనక ముందే. కూర్చున్నాక చెప్పే మాట కాదు. ఆవిడ, ‘మా ఆయనకు తెలుసమ్మా. నాకు చెప్పాడు. ఆ డైరెక్టరు వచ్చి క్షమాపణ అడిగేదాకా చెప్పనని పంతం పట్టాడు’ అంది. తర్వాత, ‘ఆ పంతంతోనే పోయాడు. మీరు ముందే వచ్చి ఉంటే బాగుండేది’ అంది. అవును, బాగుండేదన్నాను. నీ సంగతి అడిగింది. మోకాళ్లు బాగాలేవని చెప్పాను. మోకాళ్లు బాగాలేకపోయినా ఆ ఇంటి మెట్లు ఎక్కొచ్చు. నాలుగే మెట్లు.

ఇప్పుడు అసలు సంగతి. జాగ్రత్తగా విను, గుమాస్తా అడ్డొస్తున్నాడు గాని నేను ఆగను.

శవం సీను వేయించుకుని చూశాను. హాలు లేదు, నవ్వు లేదు, నేనూ కళ్లజోడావిడా. దగ్గు ఉన్నది ఒకసారి, లేనిది ఒకసారి. ఆయన దగ్గు పూర్తిగా విన్నాను, చెవి పక్కనే దగ్గినంత స్పష్టంగా. విన్నాక ఇంకోసారి లేనిది వేయమన్నాను.

లేనిదే బాగుంది.

నీకు ఈ మాట చెప్పడం కన్నా నాకు నాలుక కోసుకోవడం తేలిక. కాని పదకొండు సినిమాలు చేసిన మనిషిని, బాగున్నదాన్ని బాగాలేదని ఎలా అనను? నెగెటివ్‌తో పాటు తెల్లదారం డబ్బా కూడా దొరికిందట, దగ్గు తీసిన చోట అందులో ముక్కే పెట్టారు. ఆ నిశ్శబ్దం కూడా ఆయన పట్టిందే కదా, ఖాళీ గదిలో ఒక్కడే నిలబడి. నేను ఇన్నాళ్లూ దాన్ని లెక్కలోకే తీసుకోలేదు. మనిషి పోయిన గది అచ్చం అలాగే ఉంటుంది. నువ్వు చెప్పింది నిజం. ఒక్కసారి అంటున్నాను, మళ్లీ అనను.

అక్కడ దగ్గు తీసెయ్.

తీసింది పారెయ్యకు. దానికి చోటు చూశాను. శవం సీను అయిపోగానే వీధిలోంచి తీసిన షాటు ఉంది చూడు, ఇంటి మెట్ల మీద ఆరుగురు మగవాళ్లు మనకు వీపు పెట్టి నిలబడి ఉంటారు. ఆ రోజు ఆరుగురు రాలేదు, ఐదుగురే వచ్చారు. నువ్వు చిందులు తొక్కావు. మీ అన్న తన కోటు విప్పి నాకు తొడిగి, తలకు గుడ్డ చుట్టి, ‘ఎడమ నుంచి మూడో చోట నిలబడు, తిరక్కు’ అన్నాడు. ఆ మూడో మనిషి నేనే. కోటు నాకు మరీ వదులు. జారుతుంటే కెమెరా తిరుగుతుండగానే ఒక్కసారి భుజాలు ఎగరేసి సర్దుకున్నాను. నువ్వు చూసుకోలేదు, మామూలే.

కళ్లజోడావిడతో దగ్గును అక్కడ పెట్టించి చూశాను. భుజాలు లేచిన చోటే. అతికినట్టు లేదు. అక్కడే పుట్టినట్టు ఉంది. చావింటి ముందు మెట్ల మీద నిలబడ్డ మనిషి దగ్గడం తప్పు కాదు కదా.

అలా జరపడానికి తనకు అధికారం లేదట, దర్శకుడి సంతకం కావాలట. కాగితం ఇందులో పెట్టాను. గుమాస్తా రెండుసార్లు చదివి లొసుగు లేదన్నాడు. చెయ్యాలని ఉంటే చెయ్యి. చెయ్యకపోతే శవం సీనులోంచి మాత్రం తీసెయ్, దగ్గును డబ్బాలో పెట్టి నాకు పంపించు. దారం నేను కట్టుకుంటాను.

ఆటకి నేను రాను. ఒకసారి నీ పక్కన కూర్చుని చూశాను, చాలు.

వదిన


ఇల్లు
జూన్ 19

వదినా,

సంతకం చేసి పంపినట్టు కళ్లజోడావిడ నీకు చెప్పే ఉంటుంది. నాలుగు మెట్లూ ఎక్కాను. ల్యాబువాడి భార్య మంచినీళ్లు ఇచ్చింది. అంతకు మించి ఇంకా ఏమీ ఇవ్వలేదు. మళ్లీ రమ్మని మాత్రం అంది.

నిన్న ఆట పడింది. హాలు సగం నిండింది, ఈసారి చుట్టాలు కారు. శవం సీనులో రెండు నిమిషాలు ఎవరూ కదల్లేదు. ఒక్క కుర్చీ కిర్రుమనలేదు. నీ మీద కోపం పోయిందని దీన్నిబట్టి అనుకోకు.

తర్వాత మెట్ల మీది షాటు వచ్చింది. మూడో మనిషి భుజాలు ఎగరేశాడు, దగ్గాడు. ఎవరూ నవ్వలేదు. నా ముందు వరసలో ఒకాయన మాత్రం వెనక్కి తిరిగి చూశాడు, హాల్లో ఎవరో దగ్గారనుకుని.

నేనూ తిరిగి చూశాను.

నీ మరిది